పోయినవారి వంతు

ఎల్మెసో మఠం
మైకేల్ దూత పండుగ మర్నాడు

చిరంజీవి తమ్ముడు జెప్‌కు, అన్న మోగెన్స్ ఆశీర్వదించి రాసేది.

ఈ ఉత్తరం రాయకూడదనే అనుకున్నాను. నీ జాబు వచ్చి చాలా రోజులైంది, దాన్ని పిండి డబ్బా మీద పెట్టి మరిచిపోయినట్టు నటించాను. కానీ ఇవాళ వాన పట్టింది. తోటలోకి పోయి క్యాబేజీలు కోసే వీలు లేదు. గుడ్డి లారిడ్స్ పొయ్యి దగ్గర చేరి, నా వంటలో ఇన్నేళ్లుగా వచ్చిన లోపాలన్నీ ఒక్కొక్కటే పైకి తీస్తున్నాడు. వాడి నోట్లో నలగడం కంటే నీకు రాసుకోవడమే నయమనిపించింది.

ఇంతకీ నువ్వడిగింది మఠం చరిత్ర. టీగె దొర కొత్త మేడ కడుతున్నాడనీ, వచ్చిన చుట్టాలకు చదివి వినిపించడానికి మన మఠం కథ కావాలన్నాడనీ, "నీకంటే ఎవరికి తెలుసన్నయ్యా" అనీ రాశావు. మేడకు ఇటుకలు మన గోడల నుంచే కావాలట, ఆ ఇటుకల కథ కూడా మన దగ్గర నుంచే కావాలట. బాతును కోసేవాడు ముందు దాన్ని ఒక పాట పాడమన్నట్టుంది. సరే, పాడతాను.

నేను బడికి పోయినవాణ్ణి కాను. నిన్ను విట్టెన్‌బర్గ్ దాకా పంపించి చదివించారు, నన్ను వంటింట్లోకి పంపించారు. ఉప్పుచేపలు కడుగుతూ, గోడ అవతల పాడే లాటిన్ వింటూ నేర్చుకున్నాను. అందుకే ఇప్పటికీ కొన్ని కీర్తనలు తలుచుకుంటే నాకు చేపవాసన వస్తుంది. మఠం చరిత్ర కూడా అలా వచ్చిందే. ముసలి వంటవాడు పాలె చెప్పగా విన్నాను, ఆయనకు ఆయన ముందు వంటవాడు చెప్పాడు. మఠాధిపతులు వేరే కథ చెప్పుకునేవారు. అందులో దేవదూతలు ఎక్కువ.

మన స్థాపక రాజుకు ఒక తమ్ముడున్నాడు. రాజు సమాధి రాతి మీద, తమ్ముడు వేటలో దారి తప్పి చనిపోయాడని చెక్కి ఉంది. నువ్వూ చదివావు. పాలె చెప్పింది ఇది. వేటకు ముందురోజు రాజు భోజనానికి కూర్చున్నాడు. పక్కన కూర్చున్న దొరల్లో ఒకడు, "రేపు అడవిలో తమ్ముడుగారు తప్పిపోతే ఎవరూ వెతకక్కర్లేదు కదా ప్రభూ?" అని అడిగాడు. రాజు అవుననలేదు, కాదనలేదు. మాంసం కోసుకుంటున్నాడు. అలాగే కోసుకుంటూ ఉన్నాడు. రెండోరోజున తమ్ముడు బురదనేలలో దొరికాడు. ఆ తర్వాత రాజుకు అన్నం సయించలేదట. ఈ చెరువు, ఈ లంక, పిండిమర, అడవి అన్నీ రాసిచ్చి మఠం కట్టించాడు. తన సమాధి దగ్గర రోజుకు మూడుపూటలా పాడాలని, చివరి తీర్పు బూర ఊదేదాకా ఆపకూడదని షరతు పెట్టాడు. నేను పాలెను అడిగాను, "తాతా, కొట్టింది ఆయన కాదు గదా, ఇంత శిక్ష దేనికి?" అని. "కొట్టినవాడు ఒకసారి ఏడ్చి ఊరుకుంటాడ్రా అబ్బాయ్. మాట్లాడకుండా కూర్చున్నవాడికే ఇన్ని వందల ఏళ్ల పాట కావాలి" అన్నాడాయన.

అప్పటి నుంచి పాడుతూనే ఉన్నాం. సమాధి రాతి మీది రాజు బొమ్మ ముక్కు మా కాళ్లకింద అరిగి అరిగి చదునైపోయింది.

దొర చుట్టాలకు మా వింతలు కూడా కావాలేమో. ఇది రాసుకో. మాలో ఒకడు పోతే నెల రోజులపాటు భోజనశాలలో వాడి చోటు వాడిదే. కంచం పెడతాం, రొట్టె, చేప, సారాయి కుండ పెడతాం, పక్కవాడు జరిగి కూర్చోడు. భోజనం అయ్యాక ఆ వంతు గుమ్మం దగ్గర ఎవరైనా లేనివాళ్లకు ఇస్తాం. తిన్నవాళ్లు పోయినవాడి పేరు చెప్పుకుని ఒక దండం పెట్టుకుంటారు. రాజు దగ్గర నుంచి పందులు కాసే సన్యాసి దాకా అందరికీ ఇదే జరిగింది. ఇప్పటికీ వదల్లేదు. నిన్న ముసలి మేరెన్ గుమ్మం మెట్టు మీద కూర్చుని చేప మొత్తం తిని, "ఉప్పు ఎక్కువేశావు మోగెన్స్, పోయినవాళ్ల నోరు బాగా చప్పబడుతుందని నీకెవరు చెప్పారు?" అంది. దానికి మిగిలినవి రెండే పళ్లు, వాటితోనే నన్ను కొరుకుతుంది.

ముగ్గురం ఉన్నాం. నేను, లారిడ్స్, ఎస్బెన్. మీ కొత్త మతం పుచ్చుకున్న కొత్తరాజు ఇచ్చిన ఉత్తర్వు నీకు తెలుసు. కొత్తవాళ్లను చేర్చుకోకూడదు, ఉన్నవాళ్లు చచ్చేదాకా ఉండొచ్చు, ముగ్గురికి తక్కువైతే మాత్రం ఇది మఠం కాదు, ఖాళీ ఇల్లు. మిగిలినవాళ్లు పట్నంలో ముసలివాళ్ల సత్రానికి, గోడలు దొరకు.

నీ ఇంట్లో ఉన్న ఆవిడ గురించి ఏమీ రాయను. ఒకప్పుడు ముసుగు వేసుకుని దేవుడికి మాటిచ్చిన మనిషి, పాస్టరు భార్య ఎలా అవుతుందో నాకు అర్థం కాదు. నాకు అర్థం కానివి చాలా ఉన్నాయి, అందులో అదొకటి.

నీ అన్న,
మోగెన్స్


బ్రోలెవ్, పాస్టరు ఇల్లు
అక్టోబరు నడిమి ఆదివారం

పూజ్యులైన అన్నయ్యకు, జెప్ నమస్కరించి రాసేది.

నీ ఉత్తరం చదివి చాలాసేపు నవ్వాను. బాతు మాట దొరకు చదివి వినిపించను, భయపడకు. రాజు కథ కూడా రాతిమీద ఉన్నట్టే చెబుతాను. అన్నదమ్ముల సంగతులు విందుల దగ్గర ఎవరికి కావాలి?

ఇక్కడ మా సంగతి చెబుతాను. మొన్నటి గాలివానకు మా చర్చి గోపురం పడిపోయింది. గంట దురదగొండి మొక్కల్లో పడి ఉంది, పిల్లలు దానిమీద రాళ్లు విసిరి ఆడుకుంటున్నారు. ఆదివారం రమ్మని పిలవడానికి నేనే వీధివెంట పోయి కేకలు పెట్టవలసి వస్తోంది. టీగె దొర ఇటుకలు ఇస్తానన్నాడు. ఎక్కడ నుంచి, ఎప్పుడు అని అడగలేదు. ఇచ్చేవాణ్ణి అడగకూడదు కదా.

ఒకటి మాత్రం అర్థం కాలేదు అన్నయ్యా. ముగ్గురు తినే ఇంట్లో మేరెన్‌కు చేప మొత్తం ఎలా మిగిలింది? ఎస్బెన్ దగ్గు ఎలా ఉంది? నేను ఉన్నప్పుడే రాత్రంతా దగ్గేవాడు.

కారెన్ నీ కోసం ఉన్ని మేజోళ్లు అల్లింది, ఈల్ చేపలవాడి చేతికి ఇచ్చి పంపుతున్నాను. "బావగారు నా పేరు రాయకపోతే మానె, కాళ్లు ఉన్నాయిగా" అని చెప్పమంది. కోపంతో కాదు, నవ్వుతూనే చెప్పింది. నువ్వు ఆమెను ఒక్కసారి చూస్తే చాలు అనిపిస్తుంది నాకు.

నీ తమ్ముడు,
జెప్


ఎల్మెసో
పుణ్యాత్ముల పండుగ ముందు

తమ్ముడికి.

మేజోళ్లు అందాయి. ఒకటి కాస్త పొడుగు. ఆవిడకు నా కాళ్లు సమానమని ఎవరు చెప్పారు? లారిడ్స్ రెండూ తడిమి చూసి, "ఇది ప్రేమగా అల్లిన మేజోడు, ఇది పాస్టరు ప్రసంగం చేస్తుంటే అల్లిన మేజోడు" అని తేల్చాడు. ఏది ఏదో మాత్రం చెప్పడు.

ఎస్బెన్ గురించి అడిగావు. దగ్గు తగ్గింది. ఇప్పుడు అసలు దగ్గడం లేదు.

చరిత్రలో తరువాతి సంగతి రాస్తాను. పెద్ద చావు వచ్చిన ఏడాది. ఎక్కడ చూసినా ఒకటే వాసనట, ఊళ్లో కుక్కలు కూడా అరవడం మానేశాయట. మఠంలో అరవైమంది పైచిలుకు ఉండేవారు. వసంతం వచ్చేసరికి ముగ్గురు మిగిలారు. వాళ్లలో ఒకడు వంటవాడు, అందుకే కథ మా వైపు నుంచి దిగింది. మఠాధిపతి లేడు, గొడ్లు లేవు, గంట కొట్టే చెయ్యి లేదు. ఊళ్లో బతికినవాళ్లు పారిపొమ్మన్నారు. వీళ్లు పోలేదు. మూడుపూటలా పాడారు. పోయినవాళ్లందరికీ కంచాలు పెట్టారు. ఆలోచించు జెప్, ఆ పొడుగాటి బల్లల మీద అన్ని కంచాలు, వాటి చివర ముగ్గురు మనుషులు. రొట్టె లేక ఆ కంచాల్లో ఉడకబెట్టిన దుంపవేర్లు పెట్టారు. గుమ్మం దగ్గరికి వచ్చి తినేవాళ్లు కూడా లేరు. అయినా పెట్టారు. మళ్లీ మనుషులు చేరేదాకా మఠాన్ని నిలబెట్టింది ఆ ముగ్గురే. కొత్తరాజు గుమాస్తాలు 'ముగ్గురు' అన్న అంకె ఊరికే వెయ్యలేదు. మన పాత కథ ఎవరో వాళ్ల చెవిలో వేసి ఉంటారు.

దొర గుమాస్తా రాస్మస్ పోయిన వారం వచ్చాడు, తలలు లెక్కపెట్టడానికి. మేం భోజనానికి కూర్చుని ఉన్నాం. బల్ల వైపు చూశాడు.

"ఏమండీ, మూడు కంచాలు, రెండు తలలు?"

"నాకైతే రెండూ కనపడవు" అన్నాడు లారిడ్స్. "మీరే కూడి చూడండి."

"ఎస్బెన్ ఏడి?"

"లేవలేడండి" అన్నాను.

"నాకు ఆ జబ్బు గదిలోకి పోవాలని లేదు. పాట వింటే చాలు, ముగ్గురూ ఉన్నారని దొరకు చెప్పుకోవచ్చు."

"చర్చిలోకి రండి, వినిపిస్తాం."

"అబ్బే, అక్కడ చలి. బయటే నిలబడతాను."

నిలబడ్డాడు, విన్నాడు, పోయాడు. పోతూ పోతూ చర్చి గోడ మీద చెయ్యి వేసి, సంతలో గుర్రం వీపు నిమిరినట్టు నిమిరాడు. వాటిని సన్యాసి ఇటుకలంటారు నీకు తెలుసు, ఇప్పుడు ఎవరూ అంత పెద్దవి కాల్చడం లేదు. "ఏం ఇటుకండీ" అన్నాడు. అలా అన్నప్పుడు వాడి కళ్లల్లో నిజమైన భక్తి కనిపించింది. మా పాట విన్నప్పుడు కనిపించలేదు.

మోగెన్స్


బ్రోలెవ్
నవంబరు మొదటి వారం

అన్నయ్యకు.

నేనూ పదేళ్లు ఆ బల్ల దగ్గర కూర్చుని తిన్నవాణ్ణే. ఎవరూ కూర్చోని కంచం అంటే ఏమిటో నాకు చెప్పక్కర్లేదు. ఎస్బెన్ చనిపోయాడు. మైకేల్ పండుగ ముందే పోయి ఉంటాడు. నువ్వు అబద్ధం ఆడలేవు గనుక 'దగ్గడం లేదు' అని రాశావు, 'లేవలేడు' అని చెప్పావు. లోకంలో నిన్ను పూర్తిగా నమ్మేవాడు ఒక్కడుంటే వాణ్ణి కూడా మోసం చేయడం నీకు చేతకాదు.

దాచి పెట్టాలనుకున్నవాడివి, కంచం పెట్టడం మానేయలేకపోయావా? మేరెన్ ఊరూరా తిరుగుతుంది. మా గుమ్మం దగ్గరికి కూడా వచ్చి, "మఠంలో ఇప్పుడు పెద్దమనసు వచ్చింది, రోజూ చేప" అని కారెన్‌తో అంది. కారెన్ ఒకప్పుడు సన్యాసినుల మఠంలో ఉన్న మనిషి. ఆమెకూ వెంటనే తెలిసిపోయింది.

దేవుడి వాక్యం చదివినవాణ్ణి గనుక చెబుతున్నాను. పోయినవాళ్లకు చేపలు అక్కర్లేదు అన్నయ్యా. వాళ్లు తినరు, తెలుసుకోరు. ఆ పాటలు ఆ రాజును ఎక్కడికీ తీసుకుపోవు. నీకు డెబ్బై దాటాయి, లారిడ్స్‌కు చూపు లేదు, ఆ భోజనశాలలో పొయ్యి కూడా లేదు. సత్రంలో వెచ్చటి గది ఉంటుంది, పక్కల్లో కొత్త గడ్డి వేస్తారు. లేదా నా దగ్గరికే రండి. మా వంటింట్లో మంచం పడుతుంది. నేను నిన్ను ఊరికే పిలవడం లేదు.

మార్టిన్ పండుగకు టీగె దొర నన్ను భోజనానికి పిలిచాడు, పెద్దబాతు కోస్తారట. చరిత్ర కాగితాలు కూడా తీసుకురమ్మన్నాడు.

జెప్


ఎల్మెసో
మార్టిన్ పండుగకు మూడు రోజులుందనగా

తమ్ముడు జెప్‌కు.

కనిపెట్టావు. చదువుకున్నవాడివి, కనిపెడతావని అనుకోకపోవడం నాదే పొరపాటు. ఇక దాచను, విను.

ఎస్బెన్ పొద్దున్నే పోయాడు. ప్రార్థనకు లేపబోతే చెయ్యి చల్లగా ఉంది. గంట కొడితే దొర మేడ దాకా వినపడుతుంది. అందుకని సంతరోజు దాకా ఆగాం. ఆరోజు గుమాస్తా, మరవాడు అందరూ సంతకు పోతారు. మంచు దట్టంగా పట్టింది, అదొక అదృష్టం. నేను లోపలి పచ్చికలో పాలె పక్కన తవ్వాను. నా నడుము అప్పటి నుంచి నాది కాదు. లారిడ్స్ కాళ్లు పట్టుకున్నాడు, నేను తల పట్టుకున్నాను. ఎస్బెన్ ఎంత సన్నగా ఉండేవాడో నీకు తెలుసు, అయినా ఇద్దరం రెండుసార్లు కింద పెట్టాం. రెండోసారి లారిడ్స్, "క్షమించు ఎస్బెన్, వంట బాగా లేకపోయినా మోగెన్స్ నిన్ను బాగానే మేపాడు" అన్నాడు. నేను నవ్వాను. సమాధి దగ్గర నవ్వినందుకు దేవుడికి నువ్వు చెప్పు, నేను చెప్పను.

మట్టి కప్పిన తరువాత లారిడ్స్ కనపడలేదు. వెతికితే గంట గోపురం కింద ఉన్నాడు. తాడు రెండు చేతుల్తో పట్టుకుని నిలబడ్డాడు. లాగలేదు. గంట ఎంతసేపు మోగాలో అంతసేపూ అలా పట్టుకుని నిలబడి, వదిలేసి వచ్చాడు. పెద్ద చావు ఏడాది వదిలేస్తే, మూడు వందల ఏళ్లలో ఈ మఠంలో గంట లేకుండా పోయింది ఎస్బెన్ ఒక్కడే. ఆ కంచం కూడా తీసేయమంటావా? అది నా చేతకాదు. ప్రాణం మీదికి వస్తుందని తెలిసే పెట్టాను. నెల దాటినా, మాకు సరుకు పంపే దొర ఇంటి నుంచి మూడో మనిషి వంతు వస్తూనే ఉంది. అది ఎస్బెన్ పేరున వచ్చేది, నా కంచంలో ఎలా వేసుకుంటాను? అందుకే మేరెన్‌కు ఇస్తూనే ఉన్నాను.

గుమాస్తా విన్న పాట కూడా చెబుతాను. లారిడ్స్ తన గొంతు తను పాడి, ఎస్బెన్ వంతు వచ్చినప్పుడు మేకలా బొంగురు గొంతు పెట్టి, మధ్యలో దగ్గి పాడాడు. ఎంత బాగా దగ్గాడంటే, నేను వెనక్కి తిరిగి చూశాను.

ఇప్పుడు నేను అడిగేది ఒక్కటే. ఇంతకుముందు ఎప్పుడూ నిన్ను ఏమీ అడగలేదు. లారిడ్స్ ఈ చలికాలం దాటడు. వాడి కాళ్లు నీరు పట్టాయి, వాడికీ తెలుసు. వాణ్ణి ఎస్బెన్ పక్కన, మా మట్టిలో, నా చేతుల్తో పడుకోబెట్టాలి. వాడు అడిగింది అంతే. "నాకు గంట వద్దు మోగెన్స్, తెలిసినవాళ్ల పక్కన చోటు చాలు. గుడ్డివాణ్ణి, కొత్తచోట తడుముకోలేను" అన్నాడు. అది అయిన రోజున నేనే నడిచి గుమాస్తా దగ్గరికి పోయి తాళం చెవి ఇచ్చేస్తాను. దొర గోడలు తీసుకోనీ. రాజు ముక్కు కూడా తీసుకోనీ.

ఈస్టర్ దాకా నువ్వు ఊరుకుంటే చాలు అనబోయాను. కాదు, ఊరుకుంటే చాలదు. దొర అడిగితే, "ఈమధ్య వెళ్లి చూడలేదండీ" అను. అది నిజమే కదా. నువ్వు వచ్చి ఎన్నాళ్లయిందో నాకు తెలుసు. ఒక నిజం మాట చెప్పమంటున్నాను, అబద్ధం కూడా కాదు.

నీ అన్న,
మోగెన్స్


బ్రోలెవ్
మార్టిన్ పండుగ అయిన నాలుగో రోజు

పూజ్యులైన అన్నయ్యకు.

నీకు ఏ వార్త ముందు చేరుతుందో తెలియదు గనుక త్వరగా రాస్తున్నాను. నేనేమీ చెప్పలేదు. దేవుడి మీద ఒట్టు. నా నోటి నుంచి ఒక్క మాట రాలేదు.

భోజనానికి చాలామంది వచ్చారు. దొరసాని తరఫు చుట్టాలు, ఇద్దరు కొత్త పాస్టర్లు, గుమాస్తా రాస్మస్. నీ చరిత్రలో కొంత చదివాను, పెద్ద చావు దగ్గర దొరసాని కళ్లు తుడుచుకుంది. తరువాత బాతులు వచ్చాయి. దొర నా కంచంలో తొడ ముక్క స్వయంగా వేయించి, "పాస్టరుగారూ, మీ అన్నగారి దగ్గర ముగ్గురూ కులాసాయేనా? రాస్మస్‌కు పాట వినిపించిందట గాని మనిషి కనపడలేదట" అన్నాడు. నవ్వుతూనే అడిగాడు.

నువ్వు చెప్పమన్న మాట నాకు గుర్తుంది. నాలుక చివర ఉంది. కానీ నా నోట్లో ముక్క ఉంది, అందరూ నావైపే చూస్తున్నారు. ఇద్దరు పాస్టర్లున్న బల్ల దగ్గర, పోయినవాళ్లకు కంచం పెట్టే ఇంటిని కాపాడుతున్నట్టు కనపడటం ఎలా ఉంటుందో నువ్వు ఆలోచించు. నేను కంచంలోకి చూస్తూ, మాంసం కోసుకుంటూ ఉండిపోయాను. దొర, "సరే సరే, తినండి" అని మాట మార్చాడు. అంతే జరిగింది. ఆయనకు ఏం అర్థమైందో నేనెలా చెప్పగలను?

ఒకవేళ ఏమైనా జరిగితే, ఇది మంచికే అనుకో. సత్రం యజమానితో మాట్లాడాను, పొయ్యి పక్క మంచాలు మీ ఇద్దరికీ ఉంచుతానన్నాడు. లారిడ్స్‌కు కాళ్లకు పట్టు వేస్తారు. నేను ప్రతి నెలా వచ్చి చూస్తాను.

ఇక్కడ మిగతా అంతా క్షేమం. కారెన్ నాలుగు రోజులుగా సరిగా మాట్లాడటం లేదు, పళ్లు నొప్పి అంటోంది.

నీ తమ్ముడు,
జెప్


పట్నం, ముసలివాళ్ల సత్రం
కొవ్వొత్తుల పండుగ

బ్రోలెవ్ పాస్టరు జెప్‌గారికి.

నా చరిత్ర కాగితాలు నువ్వు జాగ్రత్తగానే చదివావన్నమాట. నేను రాసిన దానిలో ఒక భాగం దొర చుట్టాల ఎదుట ఆడి కూడా చూపించావు. మాంసం ఒక్కటే తేడా, రాజు తిన్నది లేడి అని పాలె చెప్పేవాడు.

చివరి భాగం మిగిలిపోయింది, రాసేస్తాను. అడిగినవాడికి పని పూర్తిచేసి ఇవ్వాలి.

క్రిస్మస్‌కు ముందు ఆగమన దినాల్లో ఒక సోమవారం రాస్మస్ బండి తెచ్చాడు. ఈసారి జబ్బు గదిలోకి పోవడానికి భయపడలేదు. మమ్మల్ని ఏమీ అనలేదు, మర్యాదగానే చూశాడు. లారిడ్స్ బండి ఎక్కే ముందు, "బండి ఏ వైపు తిరిగి ఉంది?" అని అడిగాడు. చర్చి నీ ఎడమ వైపు అన్నాను. ఎడమ వైపుకు తల వంచి దండం పెట్టాడు. అప్పటికే అటువైపు పనివాళ్లు నిచ్చెనలు వేసి పైకప్పు పలకలు దించుతున్నారు. చప్పుడు విని, "ఎవరో పైన పనిచేస్తున్నట్టున్నారు, చూరు కారుతోందని ఎన్నాళ్ల నుంచి చెబుతున్నాను" అన్నాడు. నేనేమీ అనలేదు. అలా అనకుండా ఉండటం మన ఇంట్లో ఉన్నట్టుంది.

సమాధి రాయి దొర మేడలో పొయ్యి ముందు పరిచారట. రాజు బొమ్మ పైకి ఉందో కిందికి ఉందో తెలియలేదు. రాజును పడుకోబెట్టిన రాతి పెట్టెను గుమాస్తా తన పందుల దొడ్డికి తీసుకుపోయాడు, తొట్టి లేక ఇబ్బంది పడుతున్నాడట. ఎముకలు ఏమయ్యాయని అడిగితే, "ఎక్కువ లేవులెండి" అన్నాడు. బూర ఊదేదాకా పాడమన్నాడు పాపం. మేం ఆపింది ఒక సోమవారం, మధ్యాహ్నం భోజనానికి ముందు.

పొయ్యి పక్క మంచం నిజంగానే ఇచ్చారు. వెచ్చగా ఉంది. లారిడ్స్ ఆ వెచ్చదనంలో క్రిస్మస్ అయిన వారానికి పోయాడు. పట్నం శ్మశానంలో, మాకెవరికీ తెలియని ఒక చెప్పులు కుట్టేవాడి భార్యకూ ఒక పడవవాడికీ మధ్య పెట్టారు. గంట మాత్రం కొట్టారు. పట్నంలో చాలా గంటలున్నాయి, ఎవరి కోసం ఏది మోగుతోందో తెలియదు. ఆరోజు సాయంత్రం నేను బల్ల మీద వాడి కంచం పెట్టబోతే, సత్రం యజమాని తీసి అల్మారాలో పెట్టాడు. కోపంగా కాదు. "తాతా, ఇక్కడ అలాంటివి లేవు" అన్నాడు.

మీ చర్చి గోపురానికి ఇటుకలు చేరాయని ఈల్ చేపలవాడు చెప్పాడు. మంచి ఇటుకలు. నీకు తెలుసు, ఇప్పుడు అంత పెద్దవి ఎవరూ కాల్చరు.

ఇక నాకు రాయవద్దు. ప్రతి నెలా వస్తానన్నావు, అది కూడా వద్దు.

మరదలు కారెన్‌కు నా ఆశీస్సులు. మేజోళ్లు ఇంకా వేసుకుంటున్నాను. పొడుగుది కూడా.

మోగెన్స్


బ్రోలెవ్
ఉపవాస దినాల రెండో వారం

పూజ్యులైన బావగారికి, కారెన్ నమస్కరించి రాసేది.

మీ ఉత్తరం ఆయన చదివి బల్ల మీద పెట్టి బయటికి పోయారు. ఆ తర్వాత నేను చదివాను. మీరు రాయవద్దన్నది ఆయనకు, నాకు కాదు గనుక రాస్తున్నాను.

నాకు పళ్లు నొప్పి లేదు. మార్టిన్ పండుగ రోజు ఇంటికి వచ్చి ఏం జరిగిందో ఆయన చెప్పినప్పుడు, మీరు చెప్పమన్న మాట ఎందుకు చెప్పలేదని అడిగాను. "నేనేమీ అనలేదు కదా" అన్నారు. ఇప్పటికీ అదే అంటారు. గోపురం కడుతున్నవాళ్లు రోజూ మా వాకిట్లోనే తాగడానికి నీళ్లు అడుగుతారు. ఇటుకల మీద కొన్నిచోట్ల సున్నం తెల్లగా అంటుకుని ఉంది, పాత గోడది. ఆయన కిటికీ తలుపులు వేసి చదువుకుంటారు.

మీ ఉత్తరం వచ్చిన రోజు నుంచి మా బల్ల మీద లారిడ్స్‌గారికి కంచం పెడుతున్నాను. ఆయన ఎలా ఉండేవారో నేను చూడలేదు. సన్యాసినిగా ఉన్నప్పుడు ముసలి సోదరీమణులకు ఇలాగే పెట్టేదాన్ని, చెయ్యి మరిచిపోలేదు. మొదటి రోజు మీ తమ్ముడు ఏమిటిదని అడగబోయి ఆగారు. కంచం ఆయన పక్కనే ఉంటుంది. ఆయన దానివైపు చూడరు, ముక్క కోసుకుంటూ తింటారు. తీసేయమని మాత్రం అనలేదు. నెల నిండాక తీసేస్తానో లేదో నాకే తెలియదు. ఎస్బెన్‌గారికి కూడా ఒకటి పెట్టాలేమో. మీరు చెప్పండి.

ఇవాళ మేరెన్ వచ్చింది. రొట్టె, ఉప్పుచేప, చిన్న కుండలో సారాయి ఇచ్చాను.

"ఎవరిది?" అంది.

"లారిడ్స్‌ది."

"ఆ గుడ్డాయనా? బాగా పాడేవాడు" అంది. మెట్టు మీద కూర్చుని సగం తింది, సగం కొంగులో కట్టుకుంది. "రేపు కూడా ఉంటుందా?" అని అడిగింది.

ఉంటుందన్నాను. కుండ తిరిగి ఇచ్చేసి, వెళ్లిపోయింది.